నెట్‌బాల్ వరల్డ్ కప్ రూల్స్‌తో బెజవాడలో మీట్: బాస్కెట్‌బాల్ కోర్టు సరిపోద్దా?

పటమట_పీఈటీ
కాలేజీ అమ్మాయిల టీములు ఎనిమిది, మూడు రోజుల మీట్. ఈసారి ఎవరికి తోచిన రూల్స్ వాళ్లు చెప్పకుండా, దేశాల టీములు వరల్డ్ కప్‌లో ఆడే రూల్స్‌తోనే నడపాలని కమిటీ పట్టుదల. ఉన్నది మాత్రం బాస్కెట్‌బాల్ కోర్టు. టీములకు 2023 కేప్‌టౌన్ ఫైనల్ వీడియో చూపించారు, ఆస్ట్రేలియా 61, ఇంగ్లండ్ 45. అందరిదీ ఒకటే ప్రశ్న: ఇన్నిసార్లు విజిల్ ఎందుకు? బాల్ పట్టుకున్న అమ్మాయి ఏం చేసిందని?
నాక్కావాల్సినవి మూడు. కోర్టు ఎట్లా గీయాలి, పోస్టులు ఎక్కడ చేయించాలి, బాస్కెట్‌బాల్ అలవాటున్న పిల్లలకి ముందు ఏం మాన్పించాలి. తెలిసినవాళ్లు కొలతలతో చెప్పండి, "గూగుల్ చేయండి" అనొద్దు.

కృష్ణలంక_సెంటర్
మాన్పించాల్సింది ముందు అడుగులు. బాస్కెట్‌బాల్ లే-అప్‌లో పరుగెత్తుతూ బాల్ పట్టి రెండడుగులు వేస్తారు గదా, ఇక్కడ అది స్టెప్పింగ్ అనే తప్పు. కుడికాలు మీద దిగి పట్టుకుంటే అది ల్యాండింగ్ కాలు. ఎడమకాలు ముందుకు వేయొచ్చు, కుడికాలు గాల్లోకి లేపొచ్చు కూడా. ఆ లేపిన కుడికాలు మళ్లీ నేలకి తగిలేలోపు బాల్ చేతిలోంచి వెళ్లిపోవాలి. తగిలాక వదిలితే విజిల్. ల్యాండింగ్ కాలు ఈడ్చినా, ఒంటికాలి మీద గెంతినా అంతే.

కృష్ణలంక_సెంటర్
ఇంకోటి, మూడు సెకన్లు. పట్టుకున్నాక మూడు సెకన్లు దాటి చేతిలో ఉంచుకోకూడదు. డ్రిబ్లింగ్ లేదు. చేతికి సరిగ్గా చిక్కని బాల్‌ని అదుపులోకి తెచ్చుకోడానికి ఒక్కసారి తట్టొచ్చు, లేదా ఒక్కసారి నేలకి కొట్టొచ్చు. రెండోసారి కుదరదు.

తెనాలి_జీకే
ఆ ఫైనల్లో విజిళ్లు ఎక్కువ పడింది అడుగులకి కాదు. కాంటాక్ట్‌కీ (ఒళ్లు తగలడం), అబ్‌స్ట్రక్షన్‌కీ (మరీ దగ్గరికొచ్చి అడ్డుకోవడం). బాల్ ఉన్నామెకి అడ్డం నిలబడాలంటే 0.9 మీటర్ల దూరం ఉండాలి. అంటే మూడడుగులు. అంపైర్ చూపు ఎప్పుడూ అక్కడే ఉంటది.

లబ్బీపేట99
0.9 ఎక్కణ్ణించి? చేతి నుంచా, కాలి నుంచా? మా వైపు ప్రతి మ్యాచ్‌లో ఈ గొడవే.

తెనాలి_జీకే
కాలి నుంచి కాలికి, నేల మీద. బాల్ పట్టినామె ముందు దిగిన కాలు ఉన్న చోటు నుంచి, డిఫెండర్ దగ్గరి కాలి వరకు. ఆ కాలు తర్వాత లేపినా కొలత మాత్రం అది దిగిన చోటి నుంచే. రెండు కాళ్ల మీద ఒకేసారి దిగితే, డిఫెండర్‌కి దగ్గరున్న కాలు లెక్క. ఆ దూరం పాటించాక చేతులు చాచి ముందుకి ఎంత వాలినా తప్పు లేదు. అందుకే పెద్ద టీముల జీకేలు (గోల్ కీపర్లు) మునివేళ్ల మీద నిలబడి, నడుం దగ్గర్నించి ముందుకి వంగి, ఒక చెయ్యి షూటర్ బాల్ మీదకి చాపి పెడతారు. ఆ బ్యాలెన్స్ ఒక్కటీ నేర్చుకోడానికే నెలలు పడతది. తూలి ఒక్క అడుగు లోపలికి పడితే అబ్‌స్ట్రక్షన్.
డిఫెండర్ దూరంగా నిలబడ్డాక బాల్ ఉన్నామే రెండో కాలు ముందుకేసి దగ్గరికొస్తే, అది డిఫెండర్ తప్పు కాదు. ఇది పిల్లలకి తెలియక ఊరికే వెనక్కి జరుగుతుంటారు.

బ్రాడీపేట_అంపైర్
జీకే గారు చెప్పింది కరెక్ట్. శిక్ష సంగతి కూడా చెప్పండి, మనవాళ్లు అక్కడే నష్టపోతారు. కాంటాక్ట్ చేసినా అబ్‌స్ట్రక్ట్ చేసినా పెనాల్టీ పాస్. గోల్ ముందుండే సర్కిల్ లోపలైతే పెనాల్టీ పాస్ లేదా షాట్, ఏదనేది షూటర్ ఇష్టం. తప్పు చేసినామె ఆ చోటికి వచ్చి, బాల్ తీసుకునేవాళ్ల పక్కన నిలబడాలి. బాల్ చేతిలోంచి వెళ్లేదాకా కదలకూడదు, చెయ్యి ఎత్తకూడదు, ఆటలో మాట సాయం కూడా చేయకూడదు. అంటే అంతసేపూ ఏడుగురికి బదులు ఆరుగురితో ఆడుతున్నట్టు. సర్కిల్లో ఉండే ఇద్దరు డిఫెండర్లలో ఒకరు బొమ్మలాగా నిలబడితే ఇక షూటర్‌ని ఆపేది ఒక్కరే.

అరండల్‌పేట_బాస్కెట్
కోర్టు దగ్గరికి రండి ముందు. బాస్కెట్‌బాల్ 28 × 15. నెట్‌బాల్ 30.5 × 15.25. తేడా ఎంత, అటు 1.25 మీటర్లు ఇటు 1.25. పక్కలకి పన్నెండున్నర సెంటీమీటర్లు. ఉన్న గీతల మీదే ఆడించేయండి, కొంపలేం మునగవు.

ఆటోనగర్_కొలతలు
మునుగుతయ్యి అన్నా. పొడవు సంగతి తర్వాత, బాస్కెట్‌బాల్ బోర్డు సంగతి చూశారా? బోర్డు ముఖం ఎండ్ లైన్ నుంచి 1.2 మీటర్లు కోర్టు లోపలికి ఉంటది. నెట్‌బాల్ పోస్టేమో గోల్ లైన్ మీద పెట్టాలి. అంటే 28 మీటర్ల గీత మీద పెట్టినా, 30.5 కొలత తీసి ఇంకా వెనక్కి పెట్టినా, బోర్డుకి వెనకాలే పోస్టు. బోర్డు కింది అంచు 2.9 మీటర్ల ఎత్తున, నెట్‌బాల్ రింగు 3.05 దగ్గర. సర్కిల్లోంచి ఎదురుగా వేసే ప్రతి షాటూ బోర్డు ముఖానికి తగుల్తది.
బోర్డులు తోసుకుపోయే రకమైతే తీసేసి ఆడొచ్చు. సిమెంట్ దిమ్మెలో పాతినవైతే ఆ కోర్టు నిలువునా పనికిరాదు.

పటమట_పీఈటీ
పాతినవే. కానీ పక్కపక్కన రెండు కోర్టులున్నయ్యి.

ఆటోనగర్_కొలతలు
అయితే పని సులువు. అడ్డంగా గీయండి. రెండు కోర్టుల వెడల్పులు 15 + 15, మధ్య ఖాళీ రెండు మీటర్లున్నా 32. నెట్‌బాల్ పొడవు 30.5 అందులో పడిపోద్ది. వెడల్పు 15.25ని 28 మీటర్ల పొడవులో సరిగ్గా మధ్యకి తీసుకుంటే ఇటు 6.37, అటు 6.37 మిగుల్తది. బోర్డులన్నీ పక్కకి పోతయ్యి, ఎవరికీ అడ్డం రావు. గోల్ లైన్ల వెనకాల పరిగెత్తి ఆగడానికి కనీసం మూడు మీటర్లు ఉండేట్టు చూసుకోండి. అక్కడ కంచె ఉంటే పరుపులు కట్టండి.
ఒక్కటి చూడాలి, రెండు కోర్టుల మధ్య ఖాళీ. అక్కడ సిమెంట్ లెవెల్ తేడా ఉందా, నీళ్లు పోయే కాలవ ఉందా? సెంటర్ సర్కిల్ పడేది సరిగ్గా అక్కడే. వేలెడు ఎత్తుతేడా ఉన్నా మడమ మడతపడతది, చదును చేయించకుండా ఆడించొద్దు.

అరండల్‌పేట_బాస్కెట్
బోర్డు సంగతి నేను ఆలోచించలేదు. ఒప్పుకుంటా. అడ్డంగా గీయడం మంచి ఉపాయం.

లబ్బీపేట99
గీతలు వరసగా చెప్పు అన్నా.

ఆటోనగర్_కొలతలు
ముందు దీర్ఘచతురస్రం. మూలలు సరిగ్గా 90 డిగ్రీలు రావాలంటే 3-4-5 పద్ధతి: మూల నుంచి ఒక గీత మీద 3 మీటర్లు, ఇంకో గీత మీద 4 మీటర్లు గుర్తు పెట్టి, ఆ రెండు గుర్తుల మధ్య 5 వచ్చేదాకా దారం జరపండి. తర్వాత ఐమూలలు రెండూ కొలవండి, రెండూ 34.1 మీటర్లు రావాలి. తేడా వస్తే కోర్టు వాలినట్టే.
పొడవుని మూడు భాగాలు చేయాలి, ఒక్కొక్కటి 10.17 మీటర్లు. గోల్ లైన్ మధ్యలో మేకు కొట్టి, 4.9 మీటర్ల తాడుతో అర్ధచంద్రం గీయండి, గోల్ సర్కిల్ అంటే అదే. తాడు సాగేది కాకూడదు. ప్లాస్టిక్ తాడుతో గీస్తే ఒక పక్క 4.9, ఇంకో పక్క 5.1 వస్తది. గీతల మందం 50 మి.మీ.
ఎక్కువమంది పొరపడేది సెంటర్ సర్కిల్లో. 0.9 అనేది వ్యాసం. తాడు 45 సెంటీమీటర్లే పట్టుకోవాలి. 0.9 తాడుతో గీస్తే సర్కిల్ రెండింతలవుద్ది, సెంటర్ అమ్మాయికి అప్పనంగా అడుగు దొరుకుద్ది.
మట్టి గ్రౌండ్ అయితే సున్నం, సిమెంట్ అయితే టేపు. సిమెంట్ మీద సున్నం చల్లితే రెండో క్వార్టర్‌కల్లా గీత కనపడదు, పైగా కాలు జారుద్ది.

మంగళగిరి_వింగ్
ఆ గీతల్లో ఏది లోపల ఏది బయట అని కూడా పిల్లలకి చెప్పాలి. సర్కిల్ గీత సర్కిల్లో భాగం. అందుకని సర్కిల్లోకి రాకూడని వింగ్ అటాక్ బొటనవేలు గీతకి తగిలినా ఆఫ్‌సైడ్. మూడో వంతుల గీత మాత్రం రెండు వైపులకీ చెందుద్ది, దాని మీద నిలబడితే తప్పు లేదు. నేలకి తగలకుండా గీత పైనుంచి వంగి, సర్కిల్ గాల్లో ఉన్న బాల్ అందుకున్నా తప్పు లేదు.

లబ్బీపేట99
ఎవరు ఎక్కడిదాకా వెళ్లొచ్చో ఒకసారి రాస్తే పుణ్యం.

మంగళగిరి_వింగ్
గోల్ షూటర్‌కి (జీఎస్) తను గోల్ వేసే వైపు మూడో వంతు, సర్కిల్. గోల్ అటాక్‌కి (జీఏ) దానికి తోడు మధ్య వంతు. వింగ్ అటాక్‌కి అవే రెండు వంతులు, సర్కిల్ తప్ప. సెంటర్‌కి కోర్టంతా, రెండు సర్కిళ్లు తప్ప. డిఫెన్స్ వైపు ఇదే అద్దంలో చూసినట్టు: వింగ్ డిఫెన్స్, గోల్ డిఫెన్స్ (జీడీ), గోల్ కీపర్ (జీకే). గోల్ వేసే హక్కు జీఎస్, జీఏలకే, అదీ సర్కిల్లో నుంచే.

తెనాలి_జీకే
బాల్‌కీ హద్దుంది. ఒక మూడో వంతు మొత్తాన్ని దాటించి విసరకూడదు, ప్రతి వంతులోనూ ఎవరో ఒకరు పట్టాలి, లేదా తాకాలి. జీకే చేతిలోంచి నేరుగా షూటర్‌కి లాంగ్ పాస్ అనే మాటే లేదు. అరండల్‌పేట అన్న చెప్పినట్టు 28 మీటర్ల కోర్టు మీద ఆడితే వంతు 9.33కి తగ్గిపోద్ది. అప్పుడు ఒక వంతు చివర్నుంచి పక్క వంతు చివరికి పాస్ చాలా తేలిగ్గా వెళ్తది, మధ్యలో డిఫెండర్‌కి అందుకునే టైం ఉండదు. అందుకే 2.5 మీటర్లు వదులుకోవద్దంటా.

బ్రాడీపేట_అంపైర్
సెంటర్ పాస్ అంటే సెంటర్ సర్కిల్లోంచి ఆట మొదలుపెట్టే పాస్, దాని వరసని స్కోరర్ టేబుల్ దగ్గర రాసుకోవాలి. గోల్ ఎవరు వేసినా సరే, పాస్ ఒకసారి వీళ్లది, ఒకసారి వాళ్లది. క్వార్టర్ మారినా వరస మారదు. ఇద్దరు స్కోరర్లు కూర్చుని, ఒకరు గోల్స్ రాస్తుంటే ఇంకొకరు పాస్‌లకి టిక్ పెడుతూ, తర్వాత పాస్ ఎవరిదో అంపైర్‌కి చెయ్యి చూపించాలి. ఒక్కసారి వరస తప్పితే ఆ తర్వాతి గోల్స్ అన్నిటి మీదా గొడవే.

గుంటూరు_లెక్కలు
సెంటర్ పాస్ లెక్క తెలిస్తే ఆ కేప్‌టౌన్ స్కోరు చదవడం వస్తది. 61 + 45 = 106 గోల్స్. ప్రతి గోల్ తర్వాత ఒక సెంటర్ పాస్, వరసగా చెరొకటి. అంటే ఒక్కో టీముకి దగ్గర దగ్గర 53 పాస్‌లు. తన పాస్‌ని తాను గోల్ చేసుకుంటూ పోతే ఇద్దరికీ 53. ఇంగ్లండ్ 45 దగ్గర ఆగింది, ఆస్ట్రేలియా 61కి పోయింది. అంటే నికరంగా ఎనిమిది సార్లు ఇంగ్లండ్ చేతిలోని బంతి అవతలి గోల్ అయింది. 16 గోల్స్ తేడా అంటే ఘోరంగా కనపడతది గానీ, గంట ఆటలో ఎనిమిది బంతులు. అదే టోర్నీ గ్రూపుల్లో ఇంగ్లండ్ 56-55తో ఆస్ట్రేలియాని ఓడించింది కూడా.

కృష్ణలంక_సెంటర్
ఒక్క బంతి మీద పోయిన ఫైనల్స్ కూడా ఉన్నయ్యి. 2019 లివర్‌పూల్ వరల్డ్ కప్ న్యూజిలాండ్ 52-51. 2018 గోల్డ్‌కోస్ట్ కామన్వెల్త్ ఇంగ్లండ్ 52-51, హెలెన్ హౌస్‌బీ చివరి సెకనులో వేసింది. రెండింటిలోనూ ఓడింది ఆస్ట్రేలియానే.

అరండల్‌పేట_బాస్కెట్
చివరి సెకను అంటే బజర్‌కి ముందు చేతిలోంచి వెళ్తే చాలా?

బ్రాడీపేట_అంపైర్
చాలదు. బాస్కెట్‌బాల్ వాళ్లందరూ ఇక్కడే పొరపడతారు. టైం విజిల్ పడేలోపు బాల్ రింగులోంచి పూర్తిగా దిగాలి. గాల్లో ఉండగా విజిల్ పడితే గోల్ లేదు. విజిల్‌కి ముందే పెనాల్టీ ఇచ్చి ఉంటే మాత్రం దాన్ని తీసుకోనివ్వాలి.

పటమట_పీఈటీ
ఇది కమిటీకి రాసిస్తా, చాలా ముఖ్యం. పోస్టుల సంగతి?

ఆటోనగర్_కొలతలు
ఆటోనగర్లో ఏ వెల్డింగ్ షాపులోనైనా ఒక్క రోజు పని. కానీ మీరు పక్కన నిలబడాలి, తప్పు జరిగే చోట్లు రెండున్నయ్యి.
మొదటిది పైపు. రెండున్నర అంగుళాల జీఐ పైపు తీసుకుంటే బయటి వ్యాసం 76 మి.మీ., రూల్ 65 నుంచి 100 లోపు, సరిపోద్ది. పైపు ఆరు మీటర్ల పొడవుతో వస్తది. "రెండు ముక్కలు చేస్తే రెండు పోస్టులు" అని షాపువాళ్లు కోసేస్తారు. ఒక్కోటి మూడు మీటర్లే, రింగు ఎత్తు 3.05. అయిదు సెంటీమీటర్లు తక్కువ, పైగా భూమిలోకి దిగడానికి ఏమీ మిగల్లేదు. రెండు పైపులు కొనండి. లేదా కింద వేరే పైపు ముక్క అతికించి, నేలలో పాతిన గొట్టంలో దిగేట్టు చేయించండి. దిమ్మె మీద నిలబెట్టే రకమైతే బరువంతా గోల్ లైన్ బయటే ఉండాలి, కోర్టులోకి రాకూడదు.
రెండోది రింగు. లోపలి వ్యాసం 380 మి.మీ., రాడ్ 15 మి.మీ. "380 ఇంటూ 3.14, 1193" అని రాడ్ కోస్తే రింగు 365 అవుద్ది, రాడ్ మందం లోపలికి తింటది గాబట్టి. 380కి 15 కలిపి 395 చేసి గుణించండి, 1241 మి.మీ. కోయాలి. రింగు పోస్టు నుంచి 150 మి.మీ. ముందుకి రావాలి. వెల్డింగ్ చేశాక నీళ్ల లెవెల్ గొట్టం పెట్టి చూడండి, ముందుకి వాలిందంటే షాట్లు జారిపోతయ్యి.
పోస్టు చుట్టూ ఫోమ్ కట్టాలి, మందం 50 మి.మీ. లోపు.

లబ్బీపేట99
15 మి.మీ. తేడాకి ఏమవుద్ది అన్నా?

తెనాలి_జీఎస్
చాలా అవుద్ది. బాల్ చుట్టుకొలత 690 నుంచి 710 మి.మీ., అంటే వ్యాసం 22 సెంటీమీటర్ల పైచిలుకు. 38లో 22 పోతే మిగిలేది 16. దాంట్లోంచి ఒకటిన్నర తీసేస్తే షూటర్‌కి తెలుస్తది.
బాస్కెట్‌బాల్ రింగు 45 సెంటీమీటర్లు, పైగా వెనక బోర్డు. ఇక్కడ బోర్డు లేదు. ఆ అలవాటున్న పిల్లలు గీతలాగా బల్లపరుపుగా వేస్తారు, రింగు వెనక అంచుకి తగిలి బాల్ గోల్ లైన్ అవతలికి పోద్ది, త్రో-ఇన్ అవతలి టీముది. బాల్‌ని తలపైన ఉంచి, మోకాళ్లు వంచి, మోచెయ్యి రింగు వైపు పెట్టి, వేళ్ల కొనలతో నిట్టనిలువుగా లేపాలి. బాల్ పైనుంచి రింగులోకి పడాలి, ముందునుంచి దూరకూడదు. మొదట ఒక మీటరు దగ్గర్నించి వేయించండి. పదికి తొమ్మిది పడేదాకా వెనక్కి జరపొద్దు. తర్వాత రెండు మీటర్లు, మూడు. 4.9 దాకా ఆత్రపడొద్దు.
ఇంకో మెలిక. షాట్ రింగుకో పోస్టుకో తగిలి తిరిగొస్తే వేసినామే మళ్లీ పట్టుకోవచ్చు. దేనికీ తగలకుండా ఉత్తగా పడిపోతే ఆమె పట్టకూడదు, వేరేవాళ్లు పట్టాలి.

మంగళగిరి_వింగ్
పొడుగు షూటర్ ఉంటే అవన్నీ అవసరం లేదు గదా. శ్రీలంక తర్జిని శివలింగం 2.08 మీటర్లు, జమైకా జానీల్ ఫౌలర్ 1.98. పైకి వేస్తే అందుకుని వేసేయడమే.

తెనాలి_జీఎస్
పైకి వేసేవాళ్లు కూడా కావాలి అక్కా. పోస్టుకి దగ్గరగా, జీకే చేతికి అందకుండా, గోల్ లైన్ బయటికి పోకుండా ఆ బాల్ వేయడం వింగ్ అటాక్ పని. ఒక అడుగు పొట్టిగా పడితే డిఫెన్స్‌ది. జమైకాకి ఫౌలర్ ఉన్నా 2023 సెమీస్‌లో ఆస్ట్రేలియా 57-54తో గెలిచింది.

తెనాలి_జీకే
పొడుగామెని వెనకనుంచి ఆపలేరు. జీకే ఆమె ముందుకొచ్చి నిలబడి, పాస్ దారి మూసేయాలి. పైనుంచి వచ్చే బాల్‌కి జీడీ వెనకనుంచి ఎగరాలి. ఇద్దరూ కూడబలుక్కోకపోతే వెనక చోటంతా ఖాళీ. మన కాలేజీ టీముల్లో జీడీ ఎప్పుడూ జీఏ వెంటే పోతది, అందుకే పొడుగు షూటర్ ఉన్న టీము గెలిచేస్తది.

గుంటూరు_లెక్కలు
షెడ్యూల్ నేను చెప్తా. వరల్డ్ కప్‌లో క్వార్టర్ 15 నిమిషాలు, నాలుగు. ఇంటర్వెల్స్ 4, 12, 4. మొత్తం 80 నిమిషాలు. మీవి ఎనిమిది టీములు, నాలుగేసి రెండు పూల్స్ అంటే 12 మ్యాచ్‌లు, సెమీస్ రెండు, మూడో స్థానం, ఫైనల్. 16 మ్యాచ్‌లు, 21 గంటల పైన. ఉన్నది ఒక్క కోర్టే, మన ఎండలో పగలు పది నుంచి నాలుగు దాకా ఎట్లాగూ ఆడించకూడదు. పూల్ మ్యాచ్‌లకి పది నిమిషాల క్వార్టర్లు పెట్టండి, ఇంటర్వెల్స్ 3, 5, 3. అప్పుడు మ్యాచ్ 51 నిమిషాలు, గంటకొకటి. మొదటి రోజు పొద్దున 6 నుంచి 10 నాలుగు, సాయంత్రం 4 నుంచి 8 నాలుగు. రెండో రోజు పొద్దున నాలుగు, సాయంత్రం సెమీస్. మూడో రోజు ఫైనల్ మాత్రం పూర్తి 15 నిమిషాల క్వార్టర్లతో.

మంగళగిరి_వింగ్
రెండో రోజు సాయంత్రం సెమీస్ వద్దు. అప్పటికే ఒక్కో టీము రెండు రోజుల్లో మూడు మ్యాచ్‌లు ఆడి ఉంటది. నెట్‌బాల్లో పరుగెత్తి ఒక్కసారిగా ఆగడమే ఎక్కువ, దెబ్బలన్నీ మోకాలికీ మడమకీ. సిమెంట్ మీద ఇంకా. సెమీస్ మూడో రోజు పొద్దున, ఫైనల్ సాయంత్రం.

గుంటూరు_లెక్కలు
అప్పుడు ఫైనల్ టీములు ఒకే రోజు రెండు నాకౌట్‌లు ఆడాలి. అది ఇంకా కష్టం గదా?

మంగళగిరి_వింగ్
అట్లయితే మీరు చెప్పిందే నయం, కానీ సెమీస్ కూడా పది నిమిషాల క్వార్టర్లే పెట్టండి. రెండో రోజు పూల్ మ్యాచ్‌లు పొద్దున 9కల్లా అయ్యేట్టు 5కే మొదలుపెట్టండి. ప్రతి ప్రాక్టీస్‌లో ల్యాండింగ్ పది నిమిషాలు చేయించండి: ఎగిరి బాల్ పట్టి, రెండు కాళ్ల మీద దిగి, మోకాలు వంచి, మోకాలి చిప్ప పాదం వేళ్ల దిక్కుకే ఉండేట్టు. మోకాలు లోపలికి వాలుతున్న అమ్మాయిని వెంటనే ఆపి సరిచేయాలి.

అరండల్‌పేట_బాస్కెట్
వరల్డ్ కప్‌లో కూడా నాలుగేసి టీముల పూల్సేనా?

కృష్ణలంక_సెంటర్
2023లో 16 టీములు, నాలుగేసి నాలుగు గ్రూపులు. ఒక్కో గ్రూపులో పై మూడు టీములు రెండో దశకి, అక్కడ ఆరేసి టీముల గ్రూపులు రెండు, తర్వాత సెమీస్. మొదటి దశలో తోటి టీముల మీద వచ్చిన ఫలితాలు రెండో దశకీ వెంట వస్తయ్యి. దక్షిణాఫ్రికా సొంతగడ్డ మీద న్యూజిలాండ్‌తో 48-48 డ్రా చేసుకుని కూడా సెమీస్‌కి వెళ్లలేకపోయింది. తర్వాతి వరల్డ్ కప్ 2027లో సిడ్నీ. మన దేశంలో పెద్ద నెట్‌బాల్ అంటే 2010 ఢిల్లీ కామన్వెల్త్, త్యాగరాజ్ స్టేడియంలో. ఫైనల్లో న్యూజిలాండ్ రెండుసార్లు అదనపు సమయం ఆడి 66-64తో ఆస్ట్రేలియాని ఓడించింది. ఆ వీడియో దొరికితే పిల్లలకి చూపించండి.

పటమట_పీఈటీ
రేపు టేపు పట్టుకెళ్లి రెండు కోర్టుల మధ్య ఎత్తు కొలుస్తా. బిబ్‌లు (జెర్సీ మీద పొజిషన్ అక్షరాలు) కుట్టించాలి, అక్షరాలు ఎంత ఉండాలి?

బ్రాడీపేట_అంపైర్
ముందూ వెనకా రెండు వైపులా, ఎత్తు 150 మి.మీ. కుట్టినవి కాకుండా వెల్క్రోతో అంటించేవి చేయించండి. ఇంటర్వెల్లో పొజిషన్ మార్చేటప్పుడు జెర్సీ విప్పక్కర్లేదు. టీముకి ఏడు అక్షరాల సెట్లు రెండేసి ఉంచుకోండి, చెమటకి వెల్క్రో ఊడొస్తది.